రేనాల్డ్స్ అడిగింది ఒకటి, దక్కింది ఇంకొకటి

1603లో ఎలిజబెత్ రాణి పోయాక స్కాట్లండ్ నుంచి జేమ్స్ ఇంగ్లండ్ గద్దె ఎక్కడానికి వస్తుంటే, దారిలోనే ఆయన చేతికి ప్యూరిటన్ల (ఇంగ్లండ్ చర్చిలో ఇంకా సంస్కరణ కావాలనే వర్గం) అర్జీ అందింది. వెయ్యి మంది పాదిరీలు తమ వెనక ఉన్నారని వాళ్లు చెప్పుకున్నారు. బాప్తిస్మంలో సిలువ గుర్తు, పెళ్లిలో ఉంగరం, పాదిరీల తెల్ల అంగీ, ఇవన్నీ పాత రోమన్ క్యాథలిక్ వాసనలు, తీసేయండి అని అడిగారు.

1604 జనవరిలో హాంప్టన్ కోర్ట్ ప్యాలెస్‌లో పంచాయితీ పెట్టారు. మొదటిరోజు ప్యూరిటన్లను లోపలికే రానివ్వలేదు, బిషప్పులతోనే సరిపోయింది. రెండోరోజు, 16న, నలుగురిని పిలిచారు. వాళ్ల తరఫున ముఖ్యంగా మాట్లాడింది ఆక్స్‌ఫర్డ్ పండితుడు జాన్ రేనాల్డ్స్. ఆయన నోరు తెరిచిన కాసేపటికే లండన్ బిషప్ బాన్‌క్రాఫ్ట్ రాజు ముందు మోకాళ్ల మీద పడి, ఇలాంటివాళ్ల మాట వినకూడదని బతిమాలాడు! పెళ్లి ప్రమాణం మాట వస్తే, నీకో మంచి భార్య ఉంటే తెలిసేదయ్యా అని రాజు రేనాల్డ్స్ మీద జోకేశాడట. ఈ ముచ్చట్లు ఎక్కువగా బిషప్పుల పక్షం మనిషి బార్లో రాసినవి, కాబట్టి ఆ మేరకు తగ్గించుకుని చదవాలి.

అసలు దెబ్బ 'ప్రెస్బిటరీ' (చర్చి పెద్దల సభ) అన్న మాటతో పడింది. గొడవలొస్తే బిషప్ తన ప్రెస్బిటరీతో కలిసి తేల్చాలని రేనాల్డ్స్ అన్నాడు, స్కాట్లండ్‌లో ఆ పెద్దల చేతిలో విసిగిపోయి వచ్చిన రాజుకు ఒళ్లు మండింది. బిషప్ లేకపోతే రాజూ లేడన్నాడు.

అయితే రేనాల్డ్స్ అడిగినవాటిలో ఒకటి గట్టెక్కింది: బైబిల్‌కి కొత్త ఇంగ్లీషు అనువాదం, తర్వాత కింగ్ జేమ్స్ బైబిల్ అని పేరొచ్చింది దీనికే. ఆయన చూపించిన తప్పుల్లో ఒకటి కీర్తన 105:28. చర్చిలో చదివే పాఠంలో 'వారు లోబడలేదు' అని ఉంది, మూలంలో ఉన్నది సరిగ్గా దానికి ఉల్టా. మన తెలుగు బైబిల్లోనూ అక్కడ 'ఎదిరింపలేదు' అనే ఉంటుంది. మనిషికో అనువాదం అంటే ఇక అంతెక్కడ అని బాన్‌క్రాఫ్ట్ గొణిగాడు కానీ, రాజుకు వేరే లెక్క ఉంది. జనం ఇళ్లలో చదివే జెనీవా బైబిల్ అంచుల్లోని నోట్స్ ఆయనకు గిట్టవు. మగబిడ్డల్ని చంపమన్న ఈజిప్టు రాజు ఫరో మాట వినని మంత్రసానులు చేసింది న్యాయమే అని అందులో ఉంది మరి, ఏ రాజుకు నచ్చుతుంది?

అలా పని మొదలైంది, నోట్స్ లేకుండా. ఆ పనికి నియమాలు పంపిందెవరనుకున్నారు, అదే బాన్‌క్రాఫ్ట్! ఆ ఏడాదే ఆర్చిబిషప్ అయ్యాడు. ప్రవక్తల గ్రంథాలు రేనాల్డ్స్ ఉన్న ఆక్స్‌ఫర్డ్ బృందానికి వచ్చాయి. ఆయనకు ఒంట్లో బాగోకపోతే మిగతావాళ్లు ఆయన గదికే వచ్చి కూర్చునేవారు. 1611లో పుస్తకం అచ్చయ్యేనాటికి ఆయన పోయి నాలుగేళ్లయింది.