త్రికోణమితికి ముందే తెలిసిన రెండు త్రిభుజాలు

కోణాలు 45–45–90 డిగ్రీలైన లంబకోణ త్రిభుజంలో భుజాలు 1 : 1 : √2 నిష్పత్తిలోను, 30–60–90 డిగ్రీలైతే 1 : √3 : 2 నిష్పత్తిలోను ఉంటాయని త్రికోణమితి పాఠంలో చదువుకుంటాం. చరిత్రలో వరుస తలకిందులు. ఈ నిష్పత్తులే ముందు, త్రికోణమితి ఆ తరువాత. చతురస్రాన్ని కర్ణం వెంబడి కోస్తే మొదటి త్రిభుజం, సమబాహు త్రిభుజాన్ని శీర్షం నుంచి నిలువునా చీలిస్తే రెండోది వస్తాయి కాబట్టి కోణాలు కొలిచే పనే లేదు. చిక్కంతా √2, √3ల విలువ కట్టడంలోనే.

క్రీ.పూ. 1800–1600 మధ్య కాలానిదని భావించే బాబిలోనియా మట్టిపలక ఒకటి అమెరికాలోని యేల్ విశ్వవిద్యాలయంలో ఉంది. అరచేతిలో ఇమిడే ఆ పలక మీద ఒక చతురస్రం, దాని రెండు కర్ణాలు, భుజం పక్కన 30, కర్ణం వెంట 1, 24, 51, 10, ఆ కింద 42, 25, 35 కనిపిస్తాయి. అరవై ఆధారంగా, అంటే ఒక్కో అంకెను ముందుదాని స్థానంలో అరవయ్యో వంతుగా (1 + 24/60 + 51/3600 + 10/216000) చదివితే, మొదటి వరుస విలువ సుమారు 1.414213, అంటే అయిదు దశాంశ స్థానాల వరకు √2యే. రెండోది దాన్ని 30తో గుణిస్తే వచ్చే కర్ణం పొడవు. గీతలు కాస్త వంకరపోయినా లెక్క వంకరపోలేదు.

యజ్ఞవేదికలను తాడుతో కొలిచేందుకు పుట్టిన బౌధాయన శుల్బసూత్రం √2కు మరో దారి చూపింది: భుజానికి దాని మూడో వంతును, ఆ మూడో వంతులో నాలుగో వంతును కలిపి, చివర కలిపిన దానిలో 34వ వంతు తీసివేయాలి. వచ్చేది 577/408, ఇదీ అయిదు స్థానాల వరకు సరైనదే. √3 విషయానికొస్తే, వృత్తంలో షడ్భుజితో మొదలుపెట్టి π విలువకు హద్దులు కట్టిన ఆర్కిమెడీస్, √3 విలువ 265/153కు, 1351/780కి మధ్య ఉంటుందన్నాడు. ఆ భిన్నాలు ఎలా దొరికాయో మాత్రం చెప్పలేదు.

క్రీ.శ. రెండో శతాబ్దంలో గ్రీకు ఖగోళవేత్త టాలెమీ 60 భాగాల వ్యాసార్ధంతో కట్టిన జ్యాల (వృత్తం మీది రెండు బిందువులను కలిపే గీతల) పట్టికలో 90 డిగ్రీల జ్యా 84, 51, 10. మట్టిపలక మీది సంఖ్యను 60తో గుణించినా సరిగ్గా ఇదే వస్తుంది. ఇది వారసత్వమనుకోవడం తొందరపాటే, ఎందుకంటే అరవై ఆధారంగా అంత సూక్ష్మంగా లెక్కించినవారెవరికైనా ఆ అంకెలే వస్తాయి. 499లో ఆర్యభటుడు 3438 వ్యాసార్ధానికి అర్ధజ్యాల (నేటి సైన్ విలువలను వ్యాసార్ధంతో గుణిస్తే వచ్చే పొడవుల) తేడాలను వరుసగా ఇచ్చాడు. వాటిని కూడుతూ పోతే 30 డిగ్రీల దగ్గర 1719, అంటే వ్యాసార్ధంలో సరిగ్గా సగం, 45 దగ్గర 2431 వస్తాయి. √3 ప్రవేశించే 60 డిగ్రీల దగ్గర మాత్రం అసలు విలువ సుమారు 2977.4 కాగా పట్టిక ప్రకారం 2978 వస్తుంది.