రిలీఫ్ పిచర్ అంటే హాయైన ఉద్యోగమా? కొన్ని అపోహలు - వాస్తవాలు

అమెరికాలో బేస్‌బాల్ పిచర్ల (బంతి విసిరేవాళ్ల) భుజాలు, మోచేతులు చూసే ఫిజియోని నేను. ఇక్కడి మనవాళ్లు మ్యాచ్ చూసొచ్చి అడిగే ప్రశ్నలు ఎక్కువగా రిలీవర్ల గురించే. మ్యాచ్ మొదలుపెట్టే పిచర్, అంటే స్టార్టర్, అలసిపోయినా, పరుగులిచ్చేస్తున్నా మధ్యలో వచ్చేవాడే రిలీవర్. క్రికెట్‌లో బౌలర్‌ని ఆపి మళ్లీ తేవచ్చు. ఇక్కడ పిచర్‌ని తీసేస్తే మామూలుగా ఆ మ్యాచ్‌కి అంతే.

అపోహ: రోజుకో ఇన్నింగ్స్, పదిహేను ఇరవై బంతులు. ఏం కష్టం?

వాస్తవం: స్కోరుకార్డులో కనిపించేవి అవే. బుల్‌పెన్‌లో (రిలీవర్లు పిలుపు కోసం ఎదురుచూసే చోటు) ఫోన్ మోగగానే లేచి వార్మప్ మొదలుపెట్టాలి. ఈలోగా మ్యాచ్ మలుపు తిరిగితే కూర్చోమంటారు, కాసేపాగి మళ్లీ లేపుతారు. చివరికి ఆడించకపోయినా చేతికి పని పడ్డట్టే, కానీ ఆ బంతులు ఆటగాడి గణాంకాల్లోకి ఎక్కవు. స్టార్టర్‌కి తన రోజేదో ముందే తెలుసు, మధ్యలో విశ్రాంతి ఉంటుంది. రిలీవర్‌కి రాత్రి తొమ్మిదింటికి కూడా తెలీదు. అందుకే మర్నాడు నేను ముందడిగేది "నిన్న ఎన్నిసార్లు లేచావు?" అని.

అపోహ: స్టార్టర్‌గా పనికిరానివాడే రిలీవర్ అవుతాడు.

వాస్తవం: సగం నిజమే. మరియానో రివేరా 1995లో న్యూయార్క్ యాంకీస్ జట్టుకి స్టార్టర్‌గా వచ్చి నిలదొక్కుకోలేకపోయాడు. రిలీవర్‌గా మారి 652 సేవ్‌లు (జట్టు స్వల్ప ఆధిక్యాన్ని చివరిదాకా కాపాడి మ్యాచ్ ముగించడం) చేశాడు. 2019లో బేస్‌బాల్ దిగ్గజాల్ని ఎంచుకునే హాల్ ఆఫ్ ఫేమ్‌కి ఓటేసినవాళ్లంతా ఆయనకి వేశారు, అంతకుముందు ఎవరికీ అలా జరగలేదు. పేరున్న మరో ఇద్దరు రిలీవర్లలో ట్రెవర్ హాఫ్‌మన్ మొదట షార్ట్‌స్టాప్ (ఫీల్డర్), కెన్లీ జాన్సెన్ క్యాచర్ (మన వికెట్ కీపర్‌లాంటివాడు). నాలుగు రకాల బంతులు రాకపోయినా, రివేరా కట్టర్ (చివర్లో కాస్త పక్కకు తిరిగే వేగవంతమైన బంతి) లాంటిది ఒక్కటి చేతిలో ఉంటే ఈ పనిలో బతకొచ్చు.

అపోహ: సేవ్‌లు ఎక్కువుంటే గొప్ప పిచర్.

వాస్తవం: 1969లో అధికారికమైన లెక్క ఇది. మామూలుగా ఆఖరిదైన తొమ్మిదో ఇన్నింగ్స్‌లో మూడు పరుగుల ఆధిక్యంతో వచ్చి, రెండు పరుగులిచ్చి గట్టెక్కినా సేవ్ పడుతుంది. ఎనిమిదిలో ఒక్క పరుగు ఆధిక్యాన్ని మొనగాళ్లైన బ్యాటర్ల మీద కాపాడి వెళ్లినవాడికి పడదు. జీతాల బేరంలో మాత్రం సేవ్‌లే బాగా పలుకుతాయి. నాకిది అన్యాయమే అనిపిస్తుంది.

అపోహ: టామీ జాన్ సర్జరీ చేయిస్తే వేగం పెరుగుతుంది.

వాస్తవం: దెబ్బ తగలకముందే పిల్లాడికి చేయించమనే తల్లిదండ్రులూ ఉన్నారు! 1974లో డాక్టర్ ఫ్రాంక్ జోబ్, పిచర్ టామీ జాన్ ఎడమ మోచేతిలో తెగిన లిగమెంట్ స్థానంలో కుడిచేతి టెండన్ పెట్టారు. అది రిపేరు, అంతే. తర్వాత వేగం పెరిగిందంటే, ఏడాదికి పైగా కాళ్లు, నడుము, భుజం మీద చేసిన రీహాబ్ చలవే. కొందరు పాత స్థాయికి రానే రారు. రిలీవర్‌కైతే వరసగా రెండు రోజులు వేయించి చూడకుండా సరేననలేం.

అపోహ: మేజర్ లీగ్‌కి చేరితే సెటిల్ అయినట్టే.

వాస్తవం: పేరున్నవాళ్ల సంగతి వేరు. మిగతావాళ్లలో, నిన్న మూడు ఇన్నింగ్స్ వేసి జట్టుని ఆదుకున్నవాణ్ణే ఇవాళ మైనర్స్‌కి (కింది స్థాయి లీగ్‌లకి) పంపి, అలసిపోని చేతిని పైకి తెస్తారు. ఒక సీజన్‌లో ఇలా దించడం ఐదుసార్లకు మించకూడదని 2022లో రూల్ పెట్టారు. ఇల్లు ఏడాది లీజుకి తీసుకోవాలంటే కుర్రాళ్లు భయపడతారు మరి.