నాటకం చేస్తే సినిమాకు పనికిరామా? బీబీ ఆండర్సన్ చుట్టూ అల్లుకున్న అపోహలు, వాస్తవాలు

నటన నేర్పే పనిలో ఉన్నవాళ్లకు ఒక రకం ఫోను తప్పకుండా వస్తూనే ఉంటుంది. ఈమధ్య ఒక తల్లి చేశారు. "మావాడు పరిషత్తు నాటకాలు వేస్తాడండీ. సినిమాలో అడగడానికి వెళితే, నాటకాలు ఆడినవాళ్లు మాకు పనికిరారు, అదంతా మరిచిపోయాక రా అన్నారట. మానిపించమంటారా?" ఆమె గొంతులో భయం తెలుస్తూనే ఉంది. పిల్లవాడు ఇష్టపడి నేర్చుకున్న విద్యే వాడి అన్నానికి అడ్డమవుతుందేమో అని ఆమె దిగులు. ఆ తల్లిని నేను తప్పుపట్టను. ఇంటర్వ్యూ గదుల్లో కూర్చుని ఆ మాట తేలిగ్గా అనేసేవాళ్ల మీదే నా కోపం. ఆ ఒక్క మాట ఎంతమంది పిల్లల కాళ్లు విరిచిందో నేను చూస్తూనే ఉన్నాను.

ఈ భయం ఉన్న ప్రతి ఒక్కరికీ నేను ముందుగా చూపించేది స్వీడన్ నటి బీబీ ఆండర్సన్ పని. 1935 నవంబరు 11న స్టాక్‌హోమ్‌లో పుట్టి, 2019 ఏప్రిల్ 14న అక్కడే కన్నుమూసిన ఆమె జీవితంలో ఈ అపోహకు కావలసినంత జవాబు ఉంది. ఆమె గురించే తిరిగే కొన్ని తప్పుడు మాటలూ ఉన్నాయి. వాటినీ చూద్దాం గానీ, అసలు సంగతి ముందు.

అపోహ: రంగస్థలం మీద పండినవాళ్లు కెమెరా ముందు తేలిపోతారు.

వాస్తవం: ప్రపంచ సినిమాలో క్లోజప్ అనగానే ఎవరైనా తలచుకునే ముఖాలు కొన్ని ఒక నాటకశాల నుంచి వచ్చాయి. దక్షిణ స్వీడన్‌లోని మాల్మో నగర రంగశాల 1944లో మొదలైంది. దాని పెద్ద హాలులో 1,500 మందికి పైగా కూర్చుంటారు. అంత హాలులో చివరి వరుస దాకా మాట చేర్చడం ఎంత కష్టమో స్టేజీ ఎక్కినవాళ్లకు తెలుసు. స్వీడన్ సినిమా దర్శకుడు ఇంగ్మార్ బెర్గ్‌మన్ 1952 నుంచి 1958 దాకా అక్కడ నాటకాల దర్శకుడిగా పనిచేశారు. చలికాలమంతా నాటకాలు, వేసవి రాగానే ఆ నటులతోనే సినిమా. మాక్స్ ఫాన్ సిడో, ఇంగ్రిడ్ థూలిన్, గున్నెల్ లిండ్‌బ్లోమ్, హారియట్ ఆండర్సన్ అందరూ ఆ బృందంలోనివారే. స్టాక్‌హోమ్‌లోని రాయల్ డ్రమాటిక్ థియేటర్, అంటే అక్కడివాళ్లు డ్రామాటెన్ అని పిలుచుకునే సంస్థ, దాని నటనశాలలో చదువుకున్న బీబీ 1956లో మాల్మో బృందంలో చేరింది. ఆమె నటించిన బెర్గ్‌మన్ సినిమా 'సెవెన్త్ సీల్' 1956 వేసవిలో తీశారు. 'వైల్డ్ స్ట్రాబెరీస్' ఆ మరుసటి వేసవిలో. అంటే ఈ సినిమాల్లో మనం "ఎంత సహజంగా ఉన్నారు" అని మెచ్చుకునే మనుషులు, కొన్ని వారాల ముందు దాకా ఆ మహా హాలులో గొంతెత్తి సంభాషణలు చెప్పినవారు. ఎవరూ ఏదీ మరిచిపోయి రాలేదు. మరిచిపొమ్మని ఎవరూ అడగనూ లేదు.

నాటకం నటుడికి ఏమిస్తుంది? ఊపిరి మీద అదుపు. ఎదుటివారి మాట నిజంగా వినే అలవాటు. అన్నిటికంటే ముఖ్యంగా, పాత్ర మొదటి నుంచి చివరి దాకా ఒకే చోట మనసులో ఉండడం. సినిమా వరుసగా తీయరు. పొద్దున ఏడుపు సీను, మధ్యాహ్నం దానికి ముందు జరిగిన నవ్వు. ఇప్పుడు తీస్తున్న ముక్క మొత్తం పాత్రలో ఎక్కడ పడుతుందో తనకు తానే తెలుసుకోగలవాడు ఒక్క దర్శకుడి మీదే ఆధారపడడు. ఆ లెక్క రెండు గంటల నాటకాన్ని ఏకబిగిన మోసినవాళ్లకు అబ్బినంతగా మరొకరికి అబ్బదు.

బెర్గ్‌మన్ సినిమా 'పెర్సోనా' తీసుకోండి. 1965లో ఫారో అనే దీవిలోనూ స్టాక్‌హోమ్‌లోనూ తీసి, 1966లో విడుదల చేశారు. ఎలెక్ట్రా నాటకం ఆడుతూ మధ్యలో మాట ఆపేసిన నటి ఎలిజబెత్ వోగ్లర్‌గా లివ్ ఉల్‌మన్, ఆమెను చూసుకునే నర్సు ఆల్మాగా బీబీ. ఒకరు మౌనం. కాబట్టి సినిమా మొత్తం బీబీ గొంతు మీదే నడవాలి. నటన నేర్చుకునేవాళ్లకు ఇంతకంటే పెద్ద పరీక్షాపత్రం ఉండదు.

అందులో ఒక రాత్రి సీను ఉంది. ఆల్మా కుర్చీలో కూర్చుని, సిగరెట్ తాగుతూ, ఎప్పుడో సముద్రపు ఒడ్డున జరిగిన సంగతి చెబుతుంది. ఎలిజబెత్ మంచం మీద కూర్చుని వింటుంది. అంతే. చెబుతున్న దాంట్లోని ఒక్క దృశ్యమూ తెర మీదికి రాదు. ఒడ్డు లేదు, ఎండ లేదు, అక్కడున్న మిగతా మనుషులు లేరు. ఒక గొంతు, రెండు ముఖాలు. అయినా చూసినవాళ్లు ఆ ఒడ్డును తాము చూశామనే అనుకుంటారు. ఆ సంభాషణ మగవాడు రాసినట్టుగా ఉందని, ఆడది నోట పలకని మాటలు కొన్ని ఉన్నాయని, వాటిని మార్చుకోనిమ్మని బీబీ అడిగింది. మార్చే చెప్పింది. ఒక వాక్యం నోటికి ఎక్కడ ఒప్పదో పట్టుకోవడం నటనకు సంబంధించిన విద్య. రంగస్థలం మీద సంభాషణను నెలల తరబడి నమిలినవాళ్లకు అది వస్తుంది.

ఇంకో చోటు ఇంకా గట్టి సాక్ష్యం. ఎలిజబెత్‌కు తన బిడ్డ మీద ఉన్న అయిష్టాన్ని ఆల్మా ఆమె ముఖం మీదే చెబుతుంది. ఆ సంభాషణ మొత్తం సినిమాలో రెండుసార్లు వస్తుంది. మొదటిసారి కెమెరా వింటున్న ఎలిజబెత్ మీద, రెండోసారి చెబుతున్న ఆల్మా మీద. మొదటిసారి బీబీ ముఖం మనకు దొరకదు. కేవలం గొంతు. ఆ గొంతు ఎక్కడ గుచ్చితే అక్కడ లివ్ ముఖంలో కండరం కదులుతుంది. రెండోసారి అవే మాటలు విన్నప్పుడు, ఆ గుచ్చడం వెనక ఎంత బాధ ఉందో కనిపిస్తుంది. రెండోది పూర్తయ్యే చోట ఇద్దరి ముఖాలూ సగం సగం కలిసిపోతాయి. అలా కలపబోతున్నారని ఆ ఇద్దరికీ ముందుగా తెలియదు. చూపించినప్పుడు ఎవరికి వారు అది రెండోవారి ముఖమే అనుకున్నారట.

నా దగ్గరికి వచ్చిన ఒక అబ్బాయికి ఈ సీను చూపించక ముందు వినిపించాను. "నాటకం వాసన" అని ఎవరో అన్న దగ్గర నుంచి వాడు అన్నీ తగ్గించేసుకున్నాడు. మాట పెదవి దాటదు, కళ్లు ఖాళీ, చేతులు జేబుల్లో. అదే సహజత్వం అనుకుంటున్నాడు పాపం. తెర ఆపేసి శబ్దం ఒక్కటే పెట్టాను. స్వీడిష్ వాడికి ముక్క రాదు. అయినా ఎక్కడ ఆమె కోపం తెచ్చిపెట్టుకున్నదో, ఎక్కడ తనకు తానే సిగ్గుపడిందో వేలు పెట్టి చూపించాడు. ఆ రోజు నుంచి వాడితో ఒకే పని చేశాం: ఊపిరి అలాగే ఉంచి శబ్దం మాత్రమే తగ్గించడం. ముందు గది చివర ఉన్నవాడికి చెప్పు, తర్వాత ఎదురు కుర్చీలో ఉన్నవాడికి, తర్వాత పక్కన తల ఆనించి కూర్చున్నవాడికి. మాటలో పదును ఎక్కడా తగ్గకూడదు. ఇప్పుడు సినిమాల్లో చిన్న వేషాలు వేస్తున్నాడు, పరిషత్తులకూ వెళుతున్నాడు.

న్యాయంగా ఒక మాట ఒప్పుకోవాలి. స్టేజీ నుంచి నేరుగా వచ్చినవాళ్ల గొంతు, చేతులు, కళ్లు కెమెరాకు పెద్దవిగా ఉంటాయి. అది నిజమే. కానీ అది పరిమాణం సంగతి. కొన్ని వారాల సాధనతో సర్దుకుంటుంది. ఊపిరి లేనివాడికి ఊపిరి, స్పష్టత లేనివాడికి స్పష్టత పెట్టడానికి ఏళ్లు పడుతుంది. వారాల పని మిగుల్చుకోవడానికి ఏళ్ల సంపాదన పారేసుకోమని పిల్లలకు చెప్పడం అన్యాయం.

బీబీ అయితే ఎప్పుడూ పారేసుకోలేదు. పేరు వచ్చాక నాటకం వదిలేసిందనే మాట కూడా ఒట్టిదే. 1963లో డ్రామాటెన్‌లో 'హూ ఈజ్ అఫ్రెయిడ్ ఆఫ్ వర్జీనియా ఉల్ఫ్'లో హనీ పాత్ర. 1973లో న్యూయార్క్ బ్రాడ్‌వే మీద ఆటో ప్రెమింజర్ దర్శకత్వంలో 'ఫుల్ సర్కిల్'. 1975లో షేక్‌స్పియర్ 'ట్వెల్ఫ్త్ నైట్'లో వయోలా. 1988లో యూజీన్ ఓనీల్ 'లాంగ్ డేస్ జర్నీ ఇంటూ నైట్'లో మార్ఫిన్‌కు బానిసైన తల్లి మేరీ టైరోన్. ఆ నాటకం ప్రపంచంలో మొదటిసారి ఆడింది కూడా డ్రామాటెన్‌లోనే, 1956లో. ఆ తర్వాత 1991లో ఇబ్సెన్ 'పీర్ గింట్'లో తల్లి ఓసే. యాభై దాటాక ఒక నటికి సినిమా ఇలాంటి పాత్రలు ఎన్ని ఇస్తుంది? రంగస్థలం ఇచ్చింది.

అపోహ: బెర్గ్‌మన్ కంట పడింది, ఒక్క రోజులో రాత మారిపోయింది.

వాస్తవం: 1951లో వినోదపు పన్నుకు నిరసనగా స్వీడన్ నిర్మాతలు చిత్రీకరణలు ఆపేశారు. చేతిలో పని లేని బెర్గ్‌మన్ బ్రిస్ అనే సబ్బుకు తొమ్మిది ప్రకటనలు తీశారు. వాటిలో ఒకదానిలో పందుల కాపరికి ముద్దులు పెట్టే రాకుమారిగా బీబీ కనిపించింది. అప్పటికి ఆమెకు పదిహేనేళ్లు. తర్వాత గుంపులో ఒకరిగా, చిన్న వేషాల్లో తిరుగుతూనే నటనశాలలో చేరింది. 'సెవెన్త్ సీల్' విడుదలైంది 1957లో. ప్రకటనకూ దానికీ మధ్య ఉన్న ఆ ఏళ్లలోనే ఆమె చదువంతా ఉంది. ఆడిషన్ల గుమ్మాల దగ్గర కూర్చుని "ఎవరో ఒకరు చూడకపోతారా" అని ఎదురుచూసే పిల్లలు గమనించాల్సింది ఆ ఏళ్లను.

అపోహ: ఆమె బెర్గ్‌మన్ నటి మాత్రమే.

వాస్తవం: 1963లో బెర్లిన్ చలనచిత్రోత్సవంలో ఉత్తమ నటిగా వెండి ఎలుగుబంటి (సిల్వర్ బేర్) బహుమతి వచ్చింది విల్‌గోట్ షోమన్ అనే మరో దర్శకుడి తొలి సినిమాకు. హాలీవుడ్ నటులు సిడ్నీ పోయిటియర్, స్టీవ్ మెక్వీన్, పాల్ న్యూమన్‌లతో నటించింది. జాన్ హ్యూస్టన్, రాబర్ట్ ఆల్ట్‌మన్ ఆమెతో సినిమాలు తీశారు. ఇక 1958లో కాన్ ఉత్సవంలో వచ్చిన ఉత్తమ నటి బహుమతి ఆమె ఒక్కరిదీ కాదు. ప్రసూతి ఆసుపత్రి నేపథ్యంలో తీసిన 'బ్రింక్ ఆఫ్ లైఫ్'కు నలుగురు నటీమణులకు కలిపి ఇచ్చారు.

అపోహ: 'పెర్సోనా'లో మౌన పాత్ర చేసింది, చివరికి జీవితంలోనూ మౌనం పాటించింది.

వాస్తవం: ఇలా రాసిన ఒక పోస్టును నా విద్యార్థిని ఒకమ్మాయి కళ్లనీళ్లు పెట్టుకుని పంపింది. మౌన పాత్ర లివ్ ఉల్‌మన్‌ది. బీబీకి 2009లో పక్షవాతం వచ్చి మాట పోయింది. అది జబ్బు. పాత్ర శాపం, విధి లీల అని దానికి రంగులు పూయడం ఆమె పడిన కష్టాన్ని అవమానించడమే. మా ఇంట్లో కూడా పక్షవాతంతో మాట పోయిన పెద్దవారు ఉండేవారు. ఒక్క పేరు నోట్లోంచి రావడానికి వారు పడే యాతన దగ్గర నుంచి చూసినవాళ్లు ఇలాంటి రాతలు రాయరు.

మిగిలినవి చిన్నవి. హారియట్ ఆండర్సన్ బీబీకి అక్క కాదు. ఆ ఇంటిపేరు స్వీడన్‌లో అడుగడుగునా వినిపిస్తుంది. బీబీ అక్క గెర్డ్, బ్యాలే నర్తకి. ఇంగ్మార్ బెర్గ్‌మన్‌కూ నటి ఇంగ్రిడ్ బెర్గ్‌మన్‌కూ చుట్టరికం లేదు. లివ్ ఉల్‌మన్ నార్వే నటి. స్వీడిష్ సినిమా అంటే పెద్దలకు మాత్రమే అనే పాత గుసగుస విని 'పెర్సోనా'ను దూరం పెట్టేవాళ్లు, పైన చెప్పిన సముద్రపు ఒడ్డు సీనులో తెర మీద ఏముందో మళ్లీ ఒకసారి చదువుకోవచ్చు.

ఎక్కడ మొదలుపెట్టాలని అడుగుతుంటారు. నేరుగా 'పెర్సోనా'కు వెళ్లవద్దు. ముందు 'వైల్డ్ స్ట్రాబెరీస్' చూడండి. ముసలి ప్రొఫెసర్ యవ్వనంలో ప్రేమించిన సారా, దారిలో ఆయన కారెక్కే కొత్తకాలపు సారా, రెండూ బీబీయే. రెండో సారా వచ్చినప్పుడు నడక ఎలా మారిందో, వాక్యం చివర గొంతు ఎటు వెళుతోందో కాగితం మీద రాసుకోండి. ఆ కాగితం తీసుకుని క్లాసుకు రండి, అక్కడి నుంచి మాట్లాడుకుందాం.