క్రిస్టియన్ హోమ్‌స్కూల్ కరిక్యులమ్: ఇంట్లో ముగ్గురు నలుగురు పిల్లలుంటే (అపోహలు - వాస్తవాలు)

టెక్సాస్‌లో మే నెలాఖరున స్కూళ్లకు సెలవులివ్వగానే నాకు ఫోన్లు మొదలవుతాయి. "వందనాలక్కా, వచ్చే ఏడాది నుంచి పిల్లల్ని ఇంట్లోనే చదివిద్దామనుకుంటున్నాం. ఏ కరిక్యులమ్ కొనమంటారు?" అని. పదకొండేళ్లుగా నా నలుగురు పిల్లలూ ఇంట్లోనే చదువుతున్నారు. డాలస్ చుట్టుపక్కల తెలుగు క్రైస్తవ కుటుంబాలకు ఈ ఎంపికలో కొన్నేళ్లుగా సాయం చేస్తున్నాను. అడగగానే కంపెనీ పేరు చెప్పను. పిల్లల వయసులెంత, చంటిబిడ్డ ఉందా, పిల్లల నాన్న ఎన్నింటికి ఇంటికొస్తారు, ఏ సంఘానికి వెళ్తారు అని ముందు అడుగుతాను. ఒక్క బిడ్డ ఉన్న ఇంట్లో చక్కగా నడిచిన పుస్తకాలే నలుగురున్న ఇంట్లో తల్లిని మంచాన పడేస్తాయి. మళ్లీ మళ్లీ వినే అపోహలు కొన్ని ఇక్కడ రాస్తున్నాను.

అపోహ: ఎవరి గ్రేడ్ సెట్ వాళ్లకు కొనాలి, లేకపోతే పిల్లలు వెనకబడతారు

అన్నిటికన్నా ఎక్కువ ఇళ్లను అలసగొట్టింది ఇదే, మా ఇంటితో సహా. ఇంట్లో చదువు మొదలుపెట్టిన నాలుగో ఏట మా పెద్దవాడు నాలుగో గ్రేడ్ (తరగతి), రెండోది రెండో గ్రేడ్, మూడోవాడు కిండర్‌గార్టెన్, చంకలో అయిదు నెలల పాప. ఒక గ్రేడ్‌కు కావాల్సిన అన్ని సబ్జెక్టుల పుస్తకాలూ కలిపి అమ్మేదే గ్రేడ్ సెట్. ముగ్గురికీ అలాంటి మూడు ఫుల్ సెట్లు కొన్నాను. పెద్దవాడికి 7 సబ్జెక్టులు, రెండోదానికి 6, మూడోవాడికి 4. రోజుకు మొత్తం 17 పాఠాలు. ఒక్కోదానికి పక్కన కూర్చుని 25 నిమిషాలు చెప్పినా ఏడు గంటలు దాటుతుంది. వంట, పాప పాలు, దిద్దాల్సిన వర్క్‌బుక్‌లు ఈ లెక్కలో లేనే లేవు. అక్టోబర్‌లో ఒక రోజు మా రెండోది లెక్కల పుస్తకం గుండెలకు హత్తుకుని స్టవ్ పక్కన నిలబడింది. "అమ్మా, నా వంతు ఎప్పుడు?" అంది. పొద్దుట్నుంచీ దానికి ఒక్క పాఠం కూడా కాలేదు. ఆ రాత్రే కాగితం తీసుకుని ఈ లెక్క వేశాను. కొనకముందు వేసుకోవాల్సిన లెక్క అది.

గ్రేడ్ సెట్లు చెడ్డవని నేననను. ఫ్లోరిడాలోని పెన్సకోలా నుంచి వచ్చే అబెకా, దక్షిణ కరోలినాలోని గ్రీన్‌విల్ నుంచి వచ్చే బీజేయూ ప్రెస్ 1970ల్లో క్రిస్టియన్ స్కూళ్ల కోసం పుస్తకాలు వేయడం మొదలుపెట్టాయి. ఆ టీచర్ గైడ్ ఒక క్లాసు నిండా ఒకే వయసు పిల్లలున్న టీచర్ కోసం ఆలోచించి రాసింది. మన డైనింగ్ టేబుల్ దగ్గర మూడు నాలుగు క్లాసులు ఒకేసారి కూర్చుంటాయి, టీచర్ మాత్రం ఒక్కరే. అబెకా ఫోనిక్స్ (అక్షరాల శబ్దాలతో చదవడం నేర్పే పుస్తకాలు) నాకిప్పటికీ ఇష్టం, నలుగురికీ దాంతోనే చదవడం నేర్పాను. మొత్తం సెట్ మాత్రం మళ్లీ కొనలేదు.

వాస్తవం ఏమిటంటే, సబ్జెక్టులు రెండు రకాలు. లెక్కలు, చదవడం, రాయడం మెట్టు మీద మెట్టులా వెళ్తాయి. వీటిలో ఎవరి మెట్టు వాళ్లదే, కలపడం కుదరదు. బైబిల్, చరిత్ర, భూగోళం, ప్రైమరీ సైన్సు, బొమ్మలు, పాటలు, అమ్మ పైకి చదివి వినిపించే పుస్తకాలు అలాంటివి కావు. ఈజిప్టు గురించి రెండో గ్రేడ్‌లో చదివారా అయిదో గ్రేడ్‌లో చదివారా అన్నది పెద్ద విషయం కాదు. ఇవన్నీ అందరినీ ఒక్కచోట కూర్చోబెట్టి చెప్పొచ్చు.

ఇలాగే ఆలోచించి తయారుచేసిన కరిక్యులమ్‌లు ఉన్నాయి. మై ఫాదర్స్ వరల్డ్‌లో చిన్న క్లాసులు దాటిన పిల్లల నుంచి ఎనిమిదో గ్రేడ్ వరకు ఇంట్లో అందరూ ఒకే అయిదేళ్ల చక్రంలో తిరుగుతారు. దేశాలు, సంస్కృతులతో మొదలై సృష్టి నుంచి గ్రీకుల దాకా, అక్కణ్నుంచి రోము, క్రైస్తవ సంఘ సంస్కరణ (రిఫర్మేషన్), చివరికి మన కాలం దాకా వస్తుంది. టేపెస్ట్రీ ఆఫ్ గ్రేస్ నాలుగేళ్ల చక్రం. ఒకే వారం ఒకే అంశాన్ని చిన్నవాళ్ల నుంచి హైస్కూల్ వాళ్ల దాకా నాలుగు స్థాయుల్లో ఇస్తుంది. అందులో అమ్మ చదివి తయారవ్వాల్సింది ఎక్కువ, చంటిబిడ్డ ఉన్న ఇంటికి నేను చెప్పను. సైన్సుకు అపోలోజియా వాళ్ల ప్రైమరీ సిరీస్‌లో ఏడాదంతా ఒకే అంశం మీద ఒకే పుస్తకం ఉంటుంది. అందరూ కలిసి వింటారు, చిన్నవాళ్లకూ పెద్దవాళ్లకూ వేర్వేరు నోట్‌బుక్‌లు ఉంటాయి.

పని ఎలా సాగుతుందో ఒక రోజు చెబుతాను. యోసేపు, ఈజిప్టు పాఠం. రెండు కప్పుల మైదా, కప్పు ఉప్పు, కప్పు నీళ్లు పోసి చపాతీ పిండిలా కలిపాం. పెద్ద బేకింగ్ ట్రేలో ఎడారి పరిచి, మధ్యలో నైలు నది కోసం వేలితో కాలువ తీశాం. పైనుంచి చెంచాతో నీళ్లు పోస్తే కట్టలు దాటి రెండు వైపులా పారాయి. అప్పటికి రెండేళ్ల పాప పిండి నోట్లో పెట్టుకుని, ఉప్పగా ఉందని ఉమ్మేసింది. మూడోవాడు నది బొమ్మ గీసి నీలం రంగు వేశాడు. రెండోది ఏడేళ్ల కరువు గురించి నోటితో చెప్పి, అందులోంచి రెండు వాక్యాలు రాసింది. పెద్దవాడు వరద రాకపోతే ఈజిప్టు ఏమవుతుందో ఒక పేజీ రాశాడు. వాళ్ల తాతగారిది కోనసీమ. గోదావరి మీద కాటన్ దొర 1852లో ధవళేశ్వరం ఆనకట్ట పూర్తిచేయకముందు అక్కడి రైతులు కరువునూ వరదనూ ఎలా చూశారో సాయంత్రం ఫోన్‌లో ఆయన్నే అడిగి ఇంకో పేరా చేర్చాడు. మొత్తం గంటంపావు. విడివిడిగా చెప్పుంటే ఇదే మూడు పూటల పని.

దీనికీ హద్దుంది. తొమ్మిదో గ్రేడ్ నుంచి హైస్కూల్ క్రెడిట్లు (పూర్తిచేసిన ఒక్కో కోర్సుకు వచ్చే లెక్క) మొదలవుతాయి. ల్యాబ్ ఉన్న బయాలజీ, కెమిస్ట్రీ కావాలి. ఆ వయసు పిల్లల్ని గుంపులోంచి బయటికి తీసి వాళ్ల చదువు వాళ్లకు ఇచ్చేయాలి.

అపోహ: పైన "క్రిస్టియన్" అని ఉంటే మన ఇంటికి సరిపోతుంది

మనవాళ్లలో ఆర్‌సీఎం (కాథలిక్), సీఎస్‌ఐ, లూథరన్, బాప్టిస్ట్, పెంతెకొస్తు అందరూ ఉన్నారు. అబెకా, బీజేయూ రెండూ స్వతంత్ర బాప్టిస్ట్, ఫండమెంటలిస్ట్ నేపథ్యం నుంచి వచ్చినవి. మధ్యయుగాల సంఘం గురించి, సంస్కరణ గురించి ఆ చరిత్ర పుస్తకాల చూపు కాథలిక్ ఇంట్లో ఇబ్బంది పెడుతుంది. వాళ్లకు వర్జీనియాలోని సేటన్ లాంటి కాథలిక్ కరిక్యులమ్‌లు వేరే ఉన్నాయి. సైన్సులోనూ అంతే. అబెకా, బీజేయూ, అపోలోజియా, మాస్టర్ బుక్స్ భూమి వయసు కొన్ని వేల ఏళ్లే అన్న నమ్మకంతో రాసినవి. మీ ఇంట్లో నమ్మేదీ అదే అయితే సరే. కాకపోతే సంవత్సరం మధ్యలో ఏడో అధ్యాయం దగ్గర తెలుసుకుని కంగారు పడొద్దు. కొనేముందు శాంపిల్ పేజీల్లో మూడు చోట్ల చదవండి: సృష్టి గురించిన పాఠం, సంస్కరణ గురించిన పాఠం, ఇండియా గురించిన పాఠం.

మూడోది ఎందుకంటే, మేము వాడిన ఒక పుస్తకంలో ఇండియా పాఠం పేదరికంతో మొదలై విగ్రహాలతో ముగిసింది. మా అమ్మాయి చదివి "అమ్మమ్మ వాళ్ల ఊరు ఇలాగే ఉంటుందా?" అని అడిగింది. నాకు చాలా బాధేసింది. పుస్తకం మూసేసి, ఆ వారమంతా మన సంఘ చరిత్ర చెప్పాను. 1876-78 కరువులో ఒంగోలులో అమెరికన్ బాప్టిస్ట్ మిషనరీ జాన్ క్లౌ దొర బకింగ్‌హామ్ కాలువ తవ్వకంలో కొంత కాంట్రాక్టు తీసుకుని ఆకలితో ఉన్నవాళ్లకు కూలి పని ఇచ్చిన సంగతి చెప్పాను. 1878 జులై 3న గుండ్లకమ్మ ఏటిలో ఒక్కరోజే 2,222 మంది బాప్తిస్మం పొందిన సంగతీ, 1912లో అజరయ్య గారు డోర్నకల్‌లో బిషప్ అయి ఆంగ్లికన్ సంఘంలో మొదటి భారతీయ బిషప్ కావడమూ చెప్పాను. మెదక్ చర్చి 1924 క్రిస్మస్ రోజున ప్రతిష్ఠ అయింది. దాని ఫొటో ఇప్పటికీ మా గోడ మీద ఉంది. ఏ అమెరికన్ కంపెనీ కొన్నా ఈ పాఠాలు మనమే చేర్చుకోవాలి.

అపోహ: ఒకే కంపెనీవి కొంటేనే ఖాళీలు రావు

కలపొచ్చు. చరిత్ర ఒకరిది, లెక్కలు ఇంకొకరివి, ఫోనిక్స్ వేరొకరివి అయినా ఏమీ కాదు. లెక్కల పుస్తకం మాత్రం ఏటా మార్చకండి. శాక్సన్ లెక్కలు చుట్టూ తిరిగి వచ్చే పద్ధతి, రోజూ అన్ని రకాల లెక్కలూ కొంచెం కొంచెం. మ్యాథ్-యూ-సీ ఒక అంశం పూర్తిగా పట్టుబడేదాకా దాన్నే చెబుతుంది. గామా అనే పుస్తకంలో గుణకారం, డెల్టాలో భాగహారం, భిన్నాలు ఎప్సిలాన్‌లో. శాక్సన్‌లో సగం భిన్నాలు చేసిన పిల్ల మధ్యలో ఇటు వస్తే ఏ పుస్తకంలో పెట్టాలో తెలియదు. బిడ్డ ఏ పుస్తకంతో మొదలుపెట్టాలో చెప్పే ప్లేస్‌మెంట్ టెస్టులు రెండింటికీ ఉన్నాయి. గ్రేడ్ చూసి కాదు, ఆ టెస్ట్ పెట్టి కొనండి. ఇండియా నుంచి కొత్తగా వచ్చిన పిల్లలు లెక్కల్లో ముందుండి, ఇంగ్లిష్ రాతలో వెనక ఉండటం నేను తరచూ చూస్తాను. వాళ్లకు ఒకే గ్రేడ్ సెట్ కొంటే సగం తేలిక, సగం బరువు.

అపోహ: పిల్లలే చేసుకునే బుక్‌లెట్లు, వీడియోలు తీసుకుంటే అమ్మకు పని ఉండదు

ఇలాంటి బుక్‌లెట్లలో ఏసీఈ అనే కంపెనీ పేస్‌లు సబ్జెక్టుకు ఏడాదికి 12, లైఫ్‌పాక్ అనేవి 10. పిల్లలు చదువుకుని, జవాబులు దిద్దుకుని ముందుకు వెళ్తారు. చక్కగా చదవడం వచ్చిన పదేళ్ల బిడ్డకు, అమ్మ కాన్పు నెలల్లో, ఇవి నిజంగా ఆదుకుంటాయి. ఆరేళ్ల బిడ్డకు మాత్రం పక్కన మనిషి కావాల్సిందే. పెద్దవాళ్లకైనా వారానికోసారి మీరే దిద్దండి. ఖాళీల్లో మాటలు నింపడం, అర్థం చేసుకోవడం ఒకటి కావు.

అపోహ: ప్రభుత్వం గుర్తించిన కరిక్యులమ్ కాకపోతే కేసు పెడతారు, కాలేజీ సీటు రాదు

ఈ టెన్షన్ మనవాళ్లలో చాలా ఎక్కువ, వీసా మీద ఉన్నవాళ్లలో మరీ ఎక్కువ. అమెరికాలో 50 రాష్ట్రాల్లోనూ హోమ్‌స్కూల్ చట్టబద్ధం, నియమాలు మాత్రం రాష్ట్రాన్ని బట్టి మారతాయి. టెక్సాస్‌లో 1994 లీపర్ కేసులో రాష్ట్ర సుప్రీంకోర్టు హోమ్‌స్కూల్‌ను ప్రైవేటు స్కూల్‌గానే లెక్కించింది. చదవడం, స్పెల్లింగ్, గ్రామర్, లెక్కలు, మంచి పౌరసత్వం ఉన్న కరిక్యులమ్‌తో నిజాయతీగా చదువు చెబితే చాలు. ఏ కంపెనీ అని ఎవరూ అడగరు. పిల్లలు పబ్లిక్ స్కూల్లో ఉంటే మాన్పిస్తున్నట్లు ముందు ఉత్తరం ఇవ్వండి, చెప్పకుండా మానిపిస్తేనే గొడవ. న్యూయార్క్ అలా కాదు. ముందుగా నోటీసు, ఒక్కో బిడ్డకు విడిగా ప్లాన్, ఏడాదికి నాలుగు రిపోర్టులు, చివర్లో పరీక్షో మదింపో ఉంటుంది. ఆరో గ్రేడ్ వరకు 900 గంటలు, ఆపైన 990 గంటలు చూపించాలి. నలుగురు పిల్లలుంటే ఏడాదికి 16 రిపోర్టులు. న్యూజెర్సీ నుంచి న్యూయార్క్ మారిన ఒక చెల్లికి ఇదే షాక్, ఎందుకంటే న్యూజెర్సీలోని ఎడిసన్‌లో ఉన్నప్పుడు నోటీసు కూడా అక్కర్లేదు.

అమెరికన్ కాలేజీలు తల్లిదండ్రులు తయారుచేసిన ట్రాన్‌స్క్రిప్టులు (కోర్సులు, మార్కుల పట్టికలు) తీసుకుంటాయి. కాలేజీ అడ్మిషన్లకు రాసే ఎస్‌ఏటీ పరీక్ష స్కోరు, కమ్యూనిటీ కాలేజీలో ముందే చేసిన డ్యూయల్ క్రెడిట్ కోర్సులు (హైస్కూల్‌కూ కాలేజీకీ రెండింటికీ లెక్కకొచ్చేవి) దానికి బలం. ఇండియాకు తిరిగెళ్లే ఆలోచన ఉంటే కథ వేరు. అక్కడి కాలేజీలు బోర్డు సర్టిఫికెట్ అడుగుతాయి. ఇండియా జాతీయ ఓపెన్ స్కూల్ అయిన ఎన్‌ఐఓఎస్‌లో 14 ఏళ్లు నిండిన బిడ్డ పదో తరగతి పరీక్ష రాయొచ్చు. కాబట్టి ఎనిమిదో గ్రేడ్‌లో ఉండగానే ఇంట్లో ఈ మాట తేల్చుకోండి.

అపోహ: పెద్దవాడికి కొంటే మిగతా అందరికీ వస్తాయి

టీచర్ గైడ్‌లు, పాఠ్యపుస్తకాలు, కథల పుస్తకాలు వస్తాయి. రాసేసిన వర్క్‌బుక్‌లు రావు. కాపీలు తీసుకోవచ్చా లేదా అన్నది కాపీరైట్ పేజీలో ఉంటుంది. సొంత కుటుంబానికి వరకు తీసుకోనిచ్చే కంపెనీలున్నాయి, అసలు ఒప్పుకోనివీ ఉన్నాయి. అది చూడకుండా కాపీ తీయడం సువార్త చెప్పే ఇంటికి తగదని నా అభిప్రాయం. కొనడం మరీ కష్టంగా ఉంటే ఇంటర్నెట్‌లో దొరికే ఈజీ పీజీ, ఆంబుల్‌సైడ్ ఆన్‌లైన్ అనే కరిక్యులమ్‌లు ఉచితమే.

అపోహ: తెలుగు కూడా పెడితే పిల్లల మీద భారం

దీనికి కరిక్యులమే కొనక్కర్లేదు. తెలుగు బైబిల్ ఇంట్లో ఉండనే ఉంది. అక్షరాలు వచ్చాక రోజుకు రెండు వచనాలు చాలు. మా ఇంట్లో శనివారం పొద్దున వాట్సాప్ వీడియోలో అమ్మమ్మ కూర్చుంటుంది, పిల్లలు వంతులవారీగా కీర్తనలు చదువుతారు. 23వ కీర్తన చదివిన రోజు చిన్నది "లేమి" అన్న మాట దగ్గర ఆగి, అంటే ఏమిటని అడిగింది. అమ్మమ్మ డిక్షనరీ అర్థం చెప్పలేదు. చిన్నప్పుడు ఇంట్లో బియ్యం అయిపోయి, వాళ్లమ్మ పక్కింటి నుంచి తవ్వెడు నూకలు అడిగి తెచ్చి గంజి కాచిన రాత్రి గురించి చెప్పింది. నలుగురూ ఫోన్ చుట్టూ చేరిపోయారు. పెద్దవాడు లెక్కల పుస్తకం పక్కన పెట్టేసి వచ్చి, "తర్వాత ఏమైంది అమ్మమ్మా?" అని అడిగాడు.