మొజావే తాబేళ్లు, పెద్దకాకులు: యాభై ఏళ్ల నేపథ్యం

అమెరికా నైరుతి భాగంలోని మొజావే ఎడారిలో తాబేటి పిల్ల చిప్ప గట్టిపడడానికి ఐదారేళ్లకు పైనే పడుతుంది. ఈలోగా రావెన్ అనే పెద్ద నల్లకాకి కంటపడితే దాని బతుకు ముగిసినట్టే. ఆ ముక్కు లేత చిప్పను పొడిచి చీల్చేస్తుంది.

రావెన్ ఆ ఎడారికి కొత్తగా వచ్చిన పక్షి కాదు. అయితే ఒకప్పుడు వేసవిలో నీరూ తిండీ దొరక్క దాని సంఖ్య అదుపులో ఉండేది. మనుషులు ఆ లోటు తీర్చారు. చెత్తకుప్పలు, మురుగునీటి చెరువులు, సాగునీటి పొలాలు, రహదారులపై వాహనాల కింద పడి చచ్చిన జంతువులు దానికి ఏడాది పొడవునా ఆధారమయ్యాయి. చెట్లు అరుదైన చోట విద్యుత్ టవర్లు గూళ్లకు పనికొచ్చాయి. 1968 నుంచి 1992 మధ్య మొజావేలో రావెన్లు దాదాపు పది రెట్లయ్యాయి. 1980లలో ఒక గూటి కింద నాలుగేళ్లలో సుమారు 250 తాబేటి పిల్లల చిప్పలు దొరికాయి. ఒక్క గూటి కింద!

1989లో ప్రభుత్వం రావెన్లను కాల్చి, విషం పెట్టి చంపడం మొదలుపెట్టగా, జంతు సంక్షేమ సంస్థ కోర్టుకెక్కడంతో ఆ పని ఆగింది. వలస పక్షుల చట్టం కింద రావెన్‌కు కూడా రక్షణ ఉంది. మరుసటి ఏడాదే, 1990లో, మొజావే తాబేలు ముప్పు పొంచివున్న జీవుల జాతీయ జాబితాలో చేరింది. శ్వాసకోశ వ్యాధి, ఆవాసాల నష్టం, ఎడారిలో అడ్డదిడ్డంగా తిరిగే వాహనాలు కూడా అందుకు కారణాలే కనుక నేరమంతా కాకిదే అనడం అన్యాయం.

ఈ నష్టంలో నన్ను ఎక్కువగా కలవరపెట్టేది అది ఆలస్యంగా బయటపడడం. తాబేలు ఈడుకు రావడానికి పన్నెండు నుంచి ఇరవై ఏళ్ల దాకా పడుతుంది, ఆ తర్వాత దశాబ్దాలు బతుకుతుంది. పిల్లలన్నీ పోతున్నా పెద్దవి కనిపిస్తూనే ఉంటాయి. చూసేవారికి అంతా బాగానే ఉందనిపిస్తుంది.

2008లో ఫెడరల్ వన్యప్రాణి శాఖ ప్రణాళికలో చెత్తను కప్పి ఉంచడం, గూళ్లు తొలగించడం, తాబేళ్లను తింటున్నాయని తేలిన రావెన్లను మాత్రమే చంపడం ముఖ్యాంశాలయ్యాయి. తర్వాత రావెన్ గుడ్లపై నూనె చల్లే పద్ధతి వచ్చింది. లోపలి పిండం ఎదగదు. తల్లి మాత్రం పొదుగుతూనే ఉంటుంది కనుక వెంటనే మళ్లీ గుడ్లు పెట్టదు. ఎత్తైన గూళ్ల కోసం డ్రోన్లు వాడుతున్నారు. తాబేటి పిల్లలను కంచెల మధ్య పెంచి, కాస్త గట్టిపడ్డాక వదిలే కార్యక్రమాలూ నడుస్తున్నాయి.

అయినా 2024లో కాలిఫోర్నియా ఈ తాబేలును 'ముప్పున్న' స్థాయి నుంచి 'అంతరించే ప్రమాదమున్న' స్థాయికి మార్చాలని నిర్ణయించింది. నూనె చల్లితే ఆ ఏడాది రావెన్ పిల్లలు తగ్గుతాయి. కానీ పెద్ద రావెన్లను పోషించే చెత్త, నీరు అలాగే ఉంటే, వచ్చే వసంతంలో మళ్లీ అదే పని మొదటినుంచి చేయాల్సి వస్తోంది.