కారుణ్య నియామకం: పెద్దకర్మ నాటి సలహాలు, ఫైల్లోని రూల్సు

ప్రభుత్వ ఉద్యోగి సర్వీసులో ఉండగా చనిపోతే ఇంట్లో ఒకరికి ఇచ్చే ఉద్యోగమే కారుణ్య నియామకం. ఆ ఫైళ్లు చూసే సీట్లో కూర్చున్నవాళ్లెవరినైనా అడగండి. కేసు చెడేది ఆఫీసులో కంటే ఇంట్లోనే ఎక్కువ. పెద్దకర్మకు వచ్చిన బంధువులు తలా ఒక మాట చెప్పి వెళ్తారు. ఆ మాటలు నమ్మి గడువు పోగొట్టుకున్నవాళ్లు చాలామంది.

అపోహ: "బాబు పెద్దయ్యాక వాడికిస్తారులే."

అన్నిటికంటే ఎక్కువ నష్టం చేసేది ఇదే. ఆంధ్రప్రదేశ్, తెలంగాణ రెండింటికీ 1977 నాటి ఉమ్మడి రాష్ట్ర పథకమే మూలం. ఉద్యోగి చనిపోయిన ఏడాదిలోపు దరఖాస్తు చేయాలి. పిల్లలు మైనర్లయితే, మరణించిన నాటి నుంచి రెండేళ్లలోపు 18 నిండేవాళ్లనే పరిశీలిస్తారు. కొడుకు ఎనిమిదో తరగతిలో ఉంటే లెక్క మీరే వేసుకోండి. హర్యానాలో 1997లో డ్యూటీలో చనిపోయిన ఒక కానిస్టేబుల్ కొడుకుకు అప్పటికి ఏడేళ్లు. మేజరయ్యాక ఉద్యోగం అడిగితే, 2024 నవంబరులో సుప్రీంకోర్టు కుదరదంది. తల్లి ఎక్స్‌గ్రేషియా అడగడానికి మాత్రం వీలిచ్చింది.

పిల్లలు చిన్నవాళ్లయితే భార్యే దరఖాస్తు పెట్టాలి. "పది వరకే చదివానండీ, నాకేం ఉద్యోగం?" అంటారు. ఆఫీస్ సబార్డినేట్ పోస్టు ఉంది కదమ్మా! కుటుంబ సభ్యుల సర్టిఫికెట్ తహసీల్దార్ దగ్గర ఆలస్యమైనా సరే, ముందు దరఖాస్తు ఇచ్చేయండి. నకలు మీద ఆఫీసు ముద్ర, ఇన్‌వర్డ్ నంబరు, తేదీ వేయించుకోండి. "నోటితో చెప్పాం సార్" అంటే ఫైల్లో ఎక్కడా కనిపించదు.

అపోహ: నాన్న ఉద్యోగం మా హక్కు.

1994లో ఉమేశ్ కుమార్ నాగ్‌పాల్ కేసులోనే సుప్రీంకోర్టు తేల్చేసింది. ఇది వారసత్వం కాదు. సంపాదించే మనిషి హఠాత్తుగా పోతే కుటుంబం రోడ్డున పడకుండా ఇచ్చే మినహాయింపు. సింగరేణిలో వారసత్వ ఉద్యోగాల పథకాన్ని 2017లో హైకోర్టు కొట్టేసిందీ అందుకే. తర్వాత అక్కడ కారుణ్యం పేరుతో వేరే పద్ధతి వచ్చింది. ఇంట్లో సంపాదించేవాళ్లు ఇంకొకరున్నారా అని విచారించేదీ ఇందుకే. దాచిపెడితే తర్వాత ఎవరో ఒకరు అర్జీ పెడతారు, సాధారణంగా సొంత బంధువే.

అపోహ: ఆయన గెజిటెడ్ ఆఫీసర్, పిల్లాడికీ ఆ స్థాయి పోస్టే వస్తుంది.

రాదు. రాష్ట్రంలో జూనియర్ అసిస్టెంట్ లేదా అంతకంటే కింది పోస్టే. కేంద్రంలో గ్రూప్-సి అనే కింది స్థాయి పోస్టులే, అదీ డైరెక్ట్ రిక్రూట్‌మెంట్ ఖాళీల్లో 5 శాతానికి మించకుండా. సొంత శాఖలో ఖాళీ లేకపోతే కేసు కలెక్టర్‌కు వెళ్లి వేరే శాఖకు కేటాయింపు జరగొచ్చు. ఇచ్చిన పోస్టులో చేరాక, నాకు పై పోస్టుకు అర్హత ఉంది, మార్చండి అంటే కుదరదు. అవకాశం ఒక్కసారే.

అపోహ: నామినీకే ఉద్యోగం.

నామినేషన్ జీపీఎఫ్ (ఉద్యోగి ప్రావిడెంట్ ఫండ్) లాంటి డబ్బుల కోసం. ఉద్యోగానికి దానితో సంబంధం లేదు.

అపోహ: పెళ్లైన కూతురికి రాదు, రెండో భార్య పిల్లలకు అసలే రాదు.

పెళ్లైన కూతురిని షరతులతో పరిశీలించేలా 1999లోనే ఉమ్మడి రాష్ట్రంలో జీవో వచ్చింది. తండ్రి మీద ఆధారపడి ఉందా అన్నది ముఖ్యం. రెండో భార్య పిల్లలన్న ఒక్క కారణంతో తోసిపుచ్చకూడదని 2022లో ఒక రైల్వే కేసులో సుప్రీంకోర్టు చెప్పింది.

అపోహ: ఉద్యోగం వస్తే అమ్మ పెన్షన్ ఆగిపోతుంది.

ఆగదు. ఫ్యామిలీ పెన్షన్ ఆయన చేసిన సర్వీసుకు వచ్చేది.

ఇంకో సంగతి ఎవరూ అడగరు, నేనే చెబుతాను. తల్లి, తోబుట్టువులు సమ్మతి పత్రం మీద సంతకం పెడితేనే కొడుకు ఫైలు కదులుతుంది. ఆర్డరు చేతికొచ్చాక అమ్మను పట్టించుకోనివాళ్లను చూస్తే ఒళ్లు మండుతుంది. కేంద్ర పథకంలో కుటుంబాన్ని పోషిస్తానని హామీపత్రం రాసివ్వాలి. తప్పితే ఉద్యోగమే తీసేయొచ్చు. భర్త పోయాక ఇలా ఉద్యోగంలో చేరిన భార్య మళ్లీ పెళ్లి చేసుకుంటే మాత్రం ఉద్యోగం పోదు. ఆ విషయం కేంద్ర నిబంధనల్లో స్పష్టంగా ఉంది. మరిది భయపెట్టాడని రాజీనామా చేయకండి.