చెంచాడు తోడు

అమ్మలూ, చిన్నోడా,

కాశీ వెళ్ళి సారనాథ్ చూశామని, అక్కడి రావిచెట్టు శ్రీలంక నుంచి వచ్చిందని చెప్పారని, "బుద్ధుడు మనవాడైతే చెట్టు వాళ్ళనడిగి తెచ్చుకోవడమేంటి తాతయ్యా?" అని రాశారు.

నా చిన్నప్పుడు ఓసారి ఇంటిల్లిపాదీ పెళ్ళికెళ్ళి వారానికి తిరిగొచ్చాం. తోడుకి చుక్క పెరుగు లేదు. మా నాయనమ్మ ఇత్తడి గిన్నె చేతికిచ్చి, "పక్కింటి పిన్నినడుగు. ఆవిడ కాపరానికొచ్చిన రోజు తోడు మనమే ఇచ్చాం" అంది. తెస్తూ తెస్తూ సగం వేలితో నాకేశాను. మిగిలిన చెంచాడే సరిపోయింది. తెల్లారేసరికి దాలి మీది కుండలో గడ్డపెరుగు! నా వీపున ఒకటి పడిందనుకోండి.

అలాగే, బుద్ధగయ రావికొమ్మని అశోకుడి కూతురు సంఘమిత్ర లంకకి తీసుకెళ్ళింది. అనురాధపురంలో అది నాటుకుంది. కాలక్రమంలో ఇక్కడ బౌద్ధం సన్నగిల్లి మన గిన్నె ఖాళీ అయింది. 1891 జనవరిలో కొలంబో నుంచి ఇరవయ్యారేళ్ళ కుర్రాడు బుద్ధగయ వచ్చాడు. కుర్చీలూ బల్లలూ అమ్మే షావుకారు కొడుకు, అమ్మానాన్నలు పెట్టిన పేరు డేవిడ్. తనే అనగారిక ధర్మపాల అని మార్చుకున్నాడు. అనగారిక అంటే ఇల్లు లేనివాడు. బుద్ధుడు జ్ఞానం పొందిన చోటి రాతిపీఠం వజ్రాసనానికి నుదురు ఆనించి, ఇక్కణ్ణుంచి కదలనని ఒట్టేసుకున్నాడు. ఆ ఏడు మే నెలలోనే మహాబోధి సొసైటీ పెట్టాడు. బుద్ధగయ ఆలయం అప్పుడు మహంతు, అంటే అక్కడి శైవ మఠం పెద్ద, చేతిలో ఉండేది, దానికోసం కోర్టుల చుట్టూ తిరిగాడు. దాని నిర్వహణలో బౌద్ధులకి వాటా ఇస్తూ చట్టం వచ్చింది 1949లో. అప్పటికి ఆయన పోయి పదహారేళ్ళు.

1893లో చికాగో సర్వమత సభ నుంచి వస్తుంటే హొనొలులులో మేరీ ఫాస్టర్ అనే ఆవిడ ఓడ దగ్గరికొచ్చి, నా కోపం తగ్గే దారి చెప్పమంది. చెప్పాడు. ఆవిడ బతికినన్నాళ్ళూ డబ్బు పంపింది. ఆయన కోపం మాత్రం తగ్గలేదు. తన దేశంలోని వేరే మతాలవాళ్ళ మీద ఆయన రాసిన మాటలు చదివితే నాకు మనసు చివుక్కుమంటుంది. తోడు ఎక్కువైతే పెరుగు పులుస్తుంది కదా!

1931లో సారనాథ్‌లో మూలగంధకుటి విహారం తెరిచారు. అనురాధపురం మొక్క నాటారు. మరుసటేడు చివర్లో మన నాగార్జునకొండ తవ్వకాల్లో దొరికిన చిన్న ఎముక ముక్క, బుద్ధుడిదని నమ్మేది, అక్కడికే చేరింది. ఎక్కడి కృష్ణ ఒడ్డు, ఎక్కడి కాశీ! 1933లో ధర్మపాల అక్కడే, భిక్షువుగా కన్నుమూశాడు, ఇంకో ఇరవై అయిదు జన్మలెత్తి ఇదే పని చేయాలని కోరుకుంటూ.

ఇవాళ రాత్రి అమ్మ పాలు తోడేసేటప్పుడు పక్కన నిలబడి, ఎన్ని పాలకి ఎంత తోడేస్తుందో చూసి రాయండి. చెంచా నాకకండి.

మీ తాతయ్య